కారవాన్ కమోడ్ కారుతోందా? వాసర్ మీరే మార్చుకోండి

కారవాన్ టాయిలెట్ తలుపు తీయగానే గుప్పున వాసన కొడుతున్నా, రాత్రి కమోడ్ గిన్నెలో ఉంచిన నీళ్లు పొద్దున్నకల్లా ఇంకిపోతున్నా ముందు అనుమానించాల్సింది రబ్బరు వాసర్‌నే. ఇంట్లో కమోడ్ కింద వంపు తిరిగిన గొట్టం ఉంటుంది. ఆ వంపులో ఎప్పుడూ నిలిచుండే నీళ్లే మురుగు వాసనను పైకి రానివ్వవు. కారవాన్ కమోడ్‌కు ఆ వంపు ఉండదు. గిన్నె కిందే ట్యాంకు ఉంటుంది. ట్యాంకుకూ మీకూ మధ్య ఉన్నది ఒక రబ్బరు చుట్టు, దాని మీద నిలిచిన గుక్కెడు నీళ్లు, అంతే. ఆ రబ్బరు గట్టిపడినా, చీరినా, దాని కింద ఇసుక రేణువు ఇరుక్కున్నా నీళ్లు దిగిపోతాయి, వాసన పైకి వస్తుంది.

ఇంటి ప్లంబర్‌ను పిలిస్తే ఆయన తనకు తెలిసిన వైద్యమే చేస్తాడు. కమోడ్ చుట్టూ తెల్ల సిమెంటు పెడతాడు, సందుల్లో ఎం-సీల్ కూరతాడు, పైన సిలికాన్ గన్ను కొడతాడు. కదలని ఇంటికి ఆ పని సరిపోతుంది. బండి మాత్రం గుంత గుంతకూ ఊగుతుంది, కమోడ్ దానితోపాటు వెంట్రుకవాసి కదులుతూనే ఉంటుంది. సిమెంటు వారంలో పగులుతుంది. సిలికాన్ చేసే చెరుపు ఇంకా ఎక్కువ. అది నీటిని బయటికి కనపడనీయకుండా లోపలే ఆపుతుంది, కింద ప్లైవుడ్ కుళ్లిపోయేదాకా మీకు సంగతి తెలియదు. ఇక్కడ వాడేది ఏదైనా సరే సాగాలి, నొక్కుకోవాలి, మళ్లీ తన ఆకారానికి రావాలి. అందుకే దీనికి రబ్బరు తప్ప మరో మందు లేదు.

ముందు, కారేది ఎక్కడో తేల్చుకోండి

తొందరపడి వాసర్ కొనకండి. పెడల్ తొక్కే రకం కమోడ్‌కు రెండు ముఖ్యమైన రబ్బరు వాసర్లు, అంటే సీళ్లు ఉంటాయి. ఒకటి గిన్నె అడుగున, తెరుచుకుని మూసుకునే గోళాకారపు మూత అయిన బాల్‌ను ఒరుసుకుంటూ ఉంటుంది. రెండోది కమోడ్ పీఠానికీ నేల మీద పైపు నోటి చుట్టూ బిగించిన ఫ్లాంజి అనే చక్రానికీ మధ్య ఉంటుంది. మొదటిది పోతే గిన్నెలో నీళ్లు నిలవవు. రెండోది పోతే నీళ్లు నిలుస్తాయి గానీ పీఠం చుట్టూ తడి, వాసన వస్తాయి. క్యాసెట్ రకం టాయిలెట్‌లో ఫ్లాంజి ఉండదు. బయట చిన్న తలుపులోంచి లాగే పెట్టె మీద జారే పలక లాంటి బ్లేడు, దాని చుట్టూ పెదవిలా వంగిన లిప్ సీలు ఉంటాయి.

పరీక్ష తేలిక. బండిని మట్టంగా నిలపండి. గిన్నెలో లీటరు నీళ్లు పోసి, నీటి అంచు దగ్గర చిన్న టేపు ముక్క అంటించండి. గంట తర్వాత చూడండి. నీళ్లు తగ్గి, నేల మాత్రం పొడిగా ఉంటే లోపం గిన్నె సీలుది. తగ్గకపోతే అదే నీళ్లలో స్వీట్లలో వేసే ఎర్ర రంగు చిటికెడు కలిపి, పీఠం చుట్టూ టిష్యూ పేపర్లు పరిచి, నాలుగైదుసార్లు ఫ్లష్ చేయండి. కాగితం మీద రంగు కనిపిస్తే నేల సీలు పోయినట్టు. ఇందుకు పసుపు వాడకండి. ప్లాస్టిక్‌కు పట్టిన పసుపు మరక వదలదు.

టిష్యూ తడిసింది గానీ రంగు లేదా? అయితే అది మంచినీళ్లే. కమోడ్ వెనక చేతికందే చోట నీటి వాల్వు, దాని పైన నీళ్లు వెనక్కి పోకుండా ఆపే వ్యాక్యూమ్ బ్రేకర్ ఉంటాయి. ఎప్పుడూ చుక్క చుక్కగా కారితే వాల్వు, ఫ్లష్ చేసినప్పుడే కారితే వ్యాక్యూమ్ బ్రేకర్. ఈ రెంటిలో ఏది పోయినా కమోడ్ కింద వాసర్ మార్చడం దండగ. ఇంకో సంగతి కూడా చూడాలి. విశాఖ గాలిలో తేమ ఎక్కువ. రాత్రంతా ఏసీ నడిచిన బండిలో పింగాణీ గిన్నె చల్లబడి ఉంటుంది. పొద్దున తలుపు తీయగానే బయటి గాలి తగిలి దాని ఒళ్లంతా చెమర్చుతుంది. ఆ చెమటే జారి పీఠం చుట్టూ మడుగు కడుతుంది. గిన్నె బయటి వైపు చేత్తో తడిమి చూడండి, పైనుంచి కిందిదాకా తడిగా ఉంటే అది లీకు కాదు.

తడి ఎక్కడా లేకుండా వాసన ఒక్కటే వస్తుంటే సీలు జోలికి పోకముందు బండి పైకెక్కి, ట్యాంకు గాలి బయటికి పోయే వెంట్ పైపు చూడండి. నెలల తరబడి నిలిపిన బండి పైపులో కందిరీగలు గూడు కట్టడం మామూలే. పైపు మూసుకుంటే ట్యాంకులోని గాలి కమోడ్ దారినే పైకి తన్నుకొస్తుంది, ఎంత కొత్త సీలు వేసినా ఆగదు. పైకప్పు ఫ్యాను తిరుగుతుండగా ఫ్లష్ చేసినా అంతే, ఆ ఫ్యాను ట్యాంకులోంచే గాలి లాగుతుంది. ఫ్లష్ చేసే నిమిషం ఫ్యాను ఆపడం అలవాటు చేసుకోండి.

ఏం కొనాలి, ఏం కొనకూడదు

కమోడ్ మోడల్ నంబరు స్టిక్కరు మీద ఉంటుంది. పీఠం వెనకో, పెడల్ దగ్గరో, క్యాసెట్ అయితే పెట్టె తలుపు లోపలో వెతకండి. దాన్ని బట్టే సీలు తెప్పించండి. ఉదాహరణకు డొమెటిక్ కంపెనీ 300, 310, 320 కమోడ్లకు గిన్నె సీలు కిట్ నంబరు 385311658. థెట్‌ఫోర్డ్ కంపెనీ క్యాసెట్లలో ఒక్కో తరం పెట్టెకు ఒక్కో లిప్ సీలు, కాబట్టి టాయిలెట్ నంబరుతోపాటు పెట్టె మీది నంబరు కూడా చూసుకోవాలి. ఈ సీళ్లు మన ఊరి హార్డ్‌వేర్ షాపుల్లో అరుదు. ఆన్‌లైన్‌లో తెప్పించుకోవాలి. ఆర్డరు పెట్టేటప్పుడే గిన్నె సీలు, నేల సీలు రెండూ తెప్పించండి. కమోడ్‌ను నేల మీంచి లేపాక నేల సీలును మళ్లీ వాడకూడదు. అది ఒకసారి నొక్కుకున్న రూపంలోనే ఉండిపోతుంది, రెండోసారి సరిగా కూర్చోదు.

పంక్చర్ షాపులో లారీ ట్యూబు కోయించి వాసర్ చేయించుకుందామని కొందరు చూస్తారు. గిన్నె సీలు విషయంలో ఆ పని అస్సలు చేయకండి. అది చదును ముక్క కాదు, ఒక పెదవి బాల్ మీదకు వంగి ఉంటుంది, ఇంకో అంచు గాడిలో కూర్చుంటుంది. చదును రబ్బరు ఆ గాడిలో నిలవదు, బాల్ మొదటిసారి తిరగగానే మడతపడి ట్యాంకులో పడుతుంది. నేల సీలుకైతే అవసరం మీదపడినప్పుడు ఈపీడీఎం అనే రకం రబ్బరు షీటు కోసి వేస్తే ఇల్లు చేరేదాకా నడుస్తుంది. ఆ షీటు ఆటోనగర్‌లో రబ్బరు సామాన్లు అమ్మే చోట అడగండి. అంతకు మించి దాని మీద ఆధారపడొద్దు.

నేల ఫ్లాంజి బోల్టులు సముద్రం పక్క ఊళ్లో వేరే సంగతి. భీమిలి రోడ్డులోనో రుషికొండలోనో నాలుగు రోజులు నిలిపిన బండిలో మామూలు ఇనుప బోల్టు ఉప్పుగాలికి తుప్పెక్కి నట్టుతో అతుక్కుపోతుంది. సీలుతోపాటు బోల్టులు కూడా మార్చేయండి. 316 రకం స్టెయిన్‌లెస్ స్టీల్ తీసుకోండి. మామూలు 304 రకం కంటే ఖరీదు ఎక్కువే, కానీ 316లో కలిపే మాలిబ్డినం ఉప్పును తట్టుకుంటుంది. ఫిషింగ్ హార్బర్ వైపు బోట్ల సామాన్ల దుకాణాల్లో ఈ రకం అడిగి చూడండి. ఇత్తడి బోల్టులైనా పరవాలేదు.

ఇవి కాక సిలికాన్ గ్రీజు చిన్న ట్యూబు, టెఫ్లాన్ టేపు, మోచేతి దాకా వచ్చే రబ్బరు గ్లౌజులు, కళ్లద్దాలు, పాత టూత్‌బ్రష్, ప్లాస్టిక్ గీకుడు పలక, రెండు బకెట్లు, పాత గుడ్డలు, మందపాటి చెత్త కవర్లు, టార్చి, అడ్జస్టబుల్ పానా, లోతైన సాకెట్ పానా కావాలి. ఎక్కువ కమోడ్లకు అరంగుళం సాకెట్ సరిపోతుంది. కొబ్బరి నూనె, నువ్వుల నూనె, వ్యాజిలైన్ దగ్గర పెట్టుకోకండి. వ్యాజిలైన్ లాంటి పెట్రోలియం జెల్లీకి ఈపీడీఎం రబ్బరు ఉబ్బి మెత్తబడుతుంది. ఇంట్లోని నూనెలూ మంచివి కావు. పని నున్నగా సాగిందని ఆ పూటకు అనిపిస్తుంది, కొన్నాళ్లకు అదే సీలు వదులై జారుతుంది.

మొదలుపెట్టే ముందు

ట్యాంకు ఖాళీ చేయకుండా ఒక్క స్క్రూ కూడా విప్పకండి. క్యాసెట్ అయితే ఇంటి టాయిలెట్‌లోనే నిదానంగా ఒంపేయవచ్చు. బండికి బిగించిన పెద్ద ట్యాంకు అయితే సెప్టిక్ ట్యాంకు లారీని పిలిపించి గొట్టంతో లాగించండి. రోడ్డు పక్క కాలువలో, బీచ్‌లో, గెడ్డలో వదలకండి. బకెట్టుతో ఎత్తిపోయమని ఎవరికీ డబ్బులిచ్చి చెప్పకండి. మనిషి చేత మలం ఎత్తించడాన్ని 2013 నాటి చట్టం నిషేధించింది. చట్టం లేకపోయినా అది సాటి మనిషికి చెప్పదగ్గ పని కాదు.

ఖాళీ అయ్యాక ట్యాంకులో రెండు మూడు బకెట్ల నీళ్లు పోసి, బండిని కొంచెం నడిపి, మళ్లీ వదలండి. ఆ తర్వాత నీళ్ల పంపు స్విచ్ ఆపండి, బయటి నీటి కనెక్షన్ ఉంటే దాన్ని కూడా కట్టేయండి. పెడల్ తొక్కి గొట్టంలో మిగిలిన ఒత్తిడి వదిలించండి. తలుపు, కిటికీ తీసి పెట్టండి. ట్యాంకు గాలిలో మీథేన్, హైడ్రోజన్ సల్ఫైడ్ ఉంటాయి కనుక గ్యాస్ పొయ్యి, అగ్గిపుల్ల, సిగరెట్ దగ్గరికి రాకూడదు. కుళ్లిన గుడ్డు వాసన ఒక్కసారిగా ఆగిపోతే గాలి బాగుపడిందని అనుకోవద్దు, హైడ్రోజన్ సల్ఫైడ్ ఎక్కువైతే ముక్కు మొద్దుబారిపోతుంది. తల తిరిగినట్టుంటే వెంటనే బయటికి వచ్చేయండి.

వాన లేని రోజు చూసుకుని మొదలుపెట్టండి. నేల సీలు పని అయితే కింద ప్లైవుడ్ ఆరాలి, మన ఊరి తేమలో అది తొందరగా ఆరదు.

క్యాసెట్ టాయిలెట్ అయితే

ఇది అరగంట పని. పెట్టె లాగి, ఖాళీ చేసి, కడిగి, ఎండ తగలని చోట బల్ల మీద పెట్టండి. పైనున్న జారుడు మూత వెనక్కి జరిపి, పిడి తిప్పి బ్లేడు పూర్తిగా తెరవండి. కంటికి కనిపించే నల్లని రబ్బరు చుట్టే లిప్ సీలు. చాలా మోడళ్లలో దాన్ని బొటనవేళ్లతో ఒక మూల నుంచి పైకి లాగితే ఊడి వస్తుంది. కొన్నిటిలో పైభాగం స్క్రూలతో బిగించి ఉంటుంది, అలాంటప్పుడు ఆ భాగాన్ని విప్పి తీయాలి. ఏ రకమైనా తీసే ముందు ఫోన్‌తో ఫోటో తీసుకోండి, ఏ పెదవి ఎటు ఉందో తర్వాత గుర్తుండదు.

బ్లేడు అతుక్కుపోయి కదలకపోతే బలవంతం చేయకండి. పిడి పళ్లు విరిగితే మొత్తం పెట్టె మార్చాల్సి వస్తుంది. గోరువెచ్చని నీళ్లు పోసి పావుగంట ఆగండి, మళ్లీ తిప్పండి. నెలల తరబడి పొడిగా ఉంచిన పెట్టెల్లో రబ్బరు బ్లేడును పట్టుకుని ఉంటుంది, నానితే వదులుతుంది.

గాడిని టూత్‌బ్రష్‌తో శుభ్రం చేయండి. బోరు నీళ్లు వాడిన పెట్టెల్లో గాడి అంచున, బ్లేడు మీద తెల్లటి సున్నపు పొర ఉంటుంది. లీటరు గోరువెచ్చని నీళ్లలో రెండు పెద్ద చెంచాల నిమ్మ ఉప్పు కలిపి, ఆ నీళ్లలో తడిపిన గుడ్డను పది నిమిషాలు కప్పి ఉంచితే పొర మెత్తబడి రాలిపోతుంది. కత్తితో, స్క్రూడ్రైవర్‌తో గీకితే బ్లేడు మీద గీత పడుతుంది. ఆ గీత వెంబడే కొత్త సీలు కూడా కారుతుంది. బాత్‌రూం కడిగే యాసిడ్ వాడకండి. యాసిడ్, బ్లీచింగ్ రెండూ కలిస్తే క్లోరిన్ గాలి వస్తుంది, అది ఊపిరితిత్తులకు ప్రమాదం.

కొత్త సీలును గోరువెచ్చని నీళ్లలో ఐదు నిమిషాలు ఉంచితే మెత్తబడుతుంది. ఒక చోట మొదలెట్టి, ఎదురుగా రెండో చోట, ఆ తర్వాత మధ్యలు నొక్కండి. గుండ్రంగా ఒకే దిక్కుకు నొక్కుకుంటూ పోతే చివర్లో రబ్బరు మిగిలి అల పడుతుంది. చుట్టూ వేలు తిప్పి గాడిలో సమంగా కూర్చుందో లేదో చూసుకోండి. పెదవి మీద సిలికాన్ గ్రీజు తడి అంటీ అంటనట్టు రాయండి, బ్లేడును పదిసార్లు తెరిచి మూయండి. పెట్టెలో రెండు లీటర్ల నీళ్లు పోసి, బ్లేడు మూసి, కాగితం పరిచిన బల్ల మీద బోర్లించి పది నిమిషాలు ఉంచండి. పొడిగా ఉంటే పని అయినట్టే.

పెడల్ కమోడ్: గిన్నె సీలు

డొమెటిక్ 310 లాంటి మోడళ్లలో ఈ సీలు కోసం కమోడ్‌ను నేల మీంచి లేపనక్కర్లేదు, పైనుంచే అందుతుంది. థెట్‌ఫోర్డ్ ఆక్వా-మ్యాజిక్ ఫైవ్ లాంటి వాటిలో కమోడ్‌ను లేపి, తిరగేసి, అడుగునుంచి విప్పాలి. మీది ఏదో మోడల్ మాన్యువల్‌లో చూసుకుని మొదలుపెట్టండి.

పైనుంచి అందే రకానికి ఇద్దరు మనుషులుంటే హాయి. ఒకరు పెడల్ పూర్తిగా తొక్కి ఉంచాలి. ఒక్కరే అయితే పెడల్ మీద గట్టిగా నిలిచే బరువు పెట్టండి, ఇటుక జారిపోతుంది. స్ప్రింగు బాల్‌ను వెనక్కి విసురుతుంది, అప్పుడు వేళ్లు మధ్యలో ఉంటే నలుగుతాయి. మడిచిన గుడ్డను తెరిచిన సందులో అడ్డం పెట్టుకుని పని చేస్తే ఆ భయం ఉండదు. గుడ్డ ట్యాంకులోకి జారకుండా దాని కొసకు తాడు కట్టి, ఆ తాడును కుళాయికి ముడేయండి.

ముందు ఫోటో తీసుకుని, గ్లౌజులు తొడుక్కుని, గిన్నె అడుగున రబ్బరు అంచును వేలి కొసతో పట్టుకుని పైకి లాగండి. బాగా ముసలిదైతే ముక్కలుగా వస్తుంది. ఒక్క ముక్క కూడా గాడిలో మిగలకూడదు, టార్చి వేసి చుట్టూ చూడండి. చాలామంది ఇక్కడే తప్పుతారు. బియ్యపు గింజంత ముక్క మిగిలినా కొత్త సీలు ఆ చోట ఎత్తుగా లేస్తుంది, బాల్ అక్కడ తాకి రెండు నెలల్లో కోసేస్తుంది.

ఇప్పుడు బాల్‌ను చూడండి. సీలు ఎందుకు పోయిందో అదే చెబుతుంది. నున్నగా ఉండి సీలు మాత్రం గట్టిపడితే, ముసలితనం అంతే. అడ్డంగా సన్నని గీతలుంటే ఇసుక పని. రుషికొండ బీచ్ నుంచి కాళ్లు కడుక్కోకుండా వచ్చిన పిల్లలు టాయిలెట్‌లోనే కాళ్లు దులుపుకుంటారు, ఆ ఇసుక గిన్నెలో పడి సీలు కిందికి చేరుతుంది. తెల్ల పొర ఉంటే బోరు నీళ్లు, నిమ్మ ఉప్పు వైద్యం చేయండి. పాత సీలు జిగటగా, ఉబ్బినట్టు ఉంటే ఎవరో నూనె పోశారు. కారణం తెలియకుండా సీలు మాత్రమే మారిస్తే మళ్లీ అదే చోటికి వస్తారు.

కొత్త సీలును ముందు తడి చేసుకోండి, గ్రీజు గాడిలో పూయకండి. గాడిలో గ్రీజు ఉంటే సీలు తిరుగుతుంది. పెదవి వైపు మాత్రం పల్చగా రాయండి. ఫోటో చూసి, పాతది ఏ వైపు కూర్చుందో అదే వైపు పెట్టి, ఎదురెదురు చోట్ల నొక్కుతూ చుట్టూ దించండి. పెడల్ నెమ్మదిగా వదిలి బాల్ మూయండి, పైనుంచి సీలు అంచు ఎక్కడైనా లోపలికి మడతపడిందేమో చూడండి. కొత్తలో పెడల్ కొంచెం గట్టిగా తిరుగుతుంది, అది మంచిదే. పదిసార్లు తొక్కితే సర్దుకుంటుంది. లీటరు నీళ్లు పోసి, టేపు గుర్తు పెట్టి, రాత్రంతా ఉంచండి.

కమోడ్‌ను లేపాల్సి వస్తే: నేల సీలు

గిన్నెలో, గొట్టంలో మిగిలిన నీళ్లు గుడ్డతో పీల్చేయండి. వెనక నీటి గొట్టం విప్పండి. పీఠం పక్కనో వెనకో మూతలు తీస్తే నట్లు కనిపిస్తాయి. తుప్పు పట్టి కదలకపోతే పట్టు వదిలించే నూనె చుక్క వేసి అరగంట ఆగండి. ఆ నూనె రబ్బరు మీద పడకుండా చూడండి, పాత సీలు ఎలాగూ పారేసేదే కానీ నీటి వాల్వు వాసర్లు ఉండిపోతాయి. బోల్టు తల నట్టుతోపాటు తిరుగుతుంటే పైనుంచి కొసను ప్లయర్‌తో పట్టుకుని విప్పండి.

కమోడ్‌ను నిటారుగా పైకెత్తండి, వంచకండి. పరిచిన చెత్త కవరు మీద పెట్టండి. పైపు నోట్లో వెంటనే ముడి వేసిన గుడ్డ కుక్కండి. ఒక నట్టు ట్యాంకులో పడితే దాన్ని వెతికే బాధ ఎవరికీ వద్దు, పైగా వాసన కూడా ఆగుతుంది. పాత సీలు తీసేసి, ఫ్లాంజి ముఖం మీద ఉన్న రబ్బరు పొర, పాత సిలికాన్ ఉంటే దాన్నీ ప్లాస్టిక్ పలకతో గీకి పూర్తిగా తీయండి.

ఇక్కడ ఆగి మూడు చోట్ల చూడండి. మొదటిది నేల. ఫ్లాంజి చుట్టూ ప్లైవుడ్‌ను స్క్రూడ్రైవర్ కొసతో పొడవండి. గట్టిగా ఉంటే పరవాలేదు. నల్లబడి, మెత్తగా దిగిపోతే ఆ ముక్క కోసి కొత్త మెరైన్ ప్లై వేయించాలి. కుళ్లిన నేల మీద స్క్రూలు పట్టవు, ఫ్లాంజి ఊగుతుంది, ఊగే ఫ్లాంజి మీద ఏ సీలూ నిలవదు. తడిగా మాత్రమే ఉంటే ఫ్యాను పెట్టి రెండు మూడు రోజులు ఆరనివ్వండి.

రెండోది ఫ్లాంజి ఎత్తు. నేల మీంచి సాధారణంగా 6 నుంచి 11 మిల్లీమీటర్ల మధ్య ఉండాలి, మీ మాన్యువల్‌లో అంకె ఉంటే అదే పాటించండి. వ్యాన్‌లో కొత్త వినైల్ షీటు మీద షీటు పరిపించిన వాళ్లకు ఇక్కడే చిక్కు. నేల పైకి వచ్చి, ఫ్లాంజి గుంటలో ఉండిపోతుంది, సీలు దానికి అందదు. అప్పుడు సీలు మీద సీలు పేర్చకండి, ఫ్లాంజి కింద పలుచని ప్లాస్టిక్ పలక పెట్టి ఎత్తు సరిచేయండి. ఎత్తు ఎక్కువైతే కమోడ్ ఊగుతుంది, నట్లు బిగిస్తే పీఠం పగులుతుంది.

మూడోది పైపు. ఇక్కడ మార్చి కట్టిన బండ్లలో అమెరికా కమోడ్‌కు మన పైపు అతికిస్తారు. అక్కడి లెక్కలో 3 అంగుళాల పైపు బయటి కొలత 89 మిల్లీమీటర్లు. మన దగ్గర దొరికేవి 75, 90, 110. దాదాపు ఒకటే అని 90 పైపు దూర్చి, సందును పైపులు అతికించే సొల్యూషన్‌తో నింపితే ఆ అతుకు కుదుపులకు విడిపోతుంది. అలాంటిది కనిపిస్తే సీలు మార్చే ముందు దాన్ని సరిచేయించండి, లేకపోతే లీకు కొత్త సీలు మీదకు నెట్టేస్తారు.

అన్నీ బాగుంటే కొత్త బోల్టులు ఫ్లాంజి గాడిలో ఎదురెదురుగా నిలబెట్టండి. కొత్త సీలును తయారీదారు చెప్పిన వైపే పెట్టండి, కొన్ని కమోడ్ అడుగున తొడుక్కుంటాయి, కొన్ని ఫ్లాంజి మీద కూర్చుంటాయి. మైనపు రింగు వాడకండి, ఎండలో నిలిపిన బండిలో అది కరిగి జారిపోతుంది. పైపులోని గుడ్డ తీశారా? ఇంకోసారి చూడండి. ఇప్పుడు కమోడ్‌ను బోల్టుల మీదుగా నిటారుగా దించి, రెండు చేతులతో నడుమ మీద బరువు వేసి నొక్కండి. అటూ ఇటూ తిప్పకండి, సీలు మడతపడుతుంది.

నట్లను ముందు చేత్తో బిగించండి. ఆ తర్వాత పానాతో ఒక పక్క పావు చుట్టు, మరో పక్క పావు చుట్టు, ఇలా మార్చి మార్చి బిగిస్తూ పీఠం నేలకు ఆనగానే ఆపండి. కమోడ్‌ను చేత్తో కదిపితే కదలకూడదు, అంతే చాలు. ఇంకాస్త బలం పెడదామనే ఆశకే పింగాణీ పీఠాలు టక్కుమని పగులుతాయి. ప్లాస్టిక్ పీఠాలైతే వంగి, సీలు ఒక పక్క లేస్తుంది.

నీటి గొట్టం దగ్గర జాగ్రత్త. అమెరికా కమోడ్ అరంగుళం థ్రెడ్ కోణం 60 డిగ్రీలు, మన ప్లంబింగ్ సామాన్లకు వాడే బ్రిటిష్ ప్రమాణం బీఎస్‌పీ థ్రెడ్ కోణం 55. రెండింటికీ అంగుళానికి 14 చుట్లే కనుక ఒకదాంట్లో ఒకటి ఎక్కినట్టే ఎక్కుతుంది. కానీ థ్రెడ్లు నిండుగా కూర్చోవు, టేపు ఎంత చుట్టినా కొంతకాలానికి చెమర్చుతుంది, ప్లాస్టిక్ అయితే పగులుతుంది. కమోడ్‌తో వచ్చిన అడాప్టరే వాడండి. లోపల రబ్బరు వాసర్ ఉన్న కనెక్షన్‌కు టెఫ్లాన్ టేపు అక్కర్లేదు, చేత్తో బిగించి పానాతో కొద్దిగా తిప్పితే చాలు.

పంపు వేయండి, వెనక టార్చి వేసి ఐదు నిమిషాలు చూడండి. ఎర్ర రంగు, టిష్యూ పరీక్ష మళ్లీ చేయండి. పీఠం చుట్టూ సిలికాన్ గీత వద్దు. రేపు ఏదైనా కారితే ఆ తడి మొదటి రోజే మీ కంటపడాలి.

అరకు ఘాట్ ఎక్కే ముందు

వైజాగ్ బండ్లకు అరకు ప్రయాణం ప్రత్యేక పరీక్ష. ఎస్.కోట దాటాక అనంతగిరి మలుపుల్లో ట్యాంకులోని నీళ్లు గోడకు గోడకు కొట్టుకుంటాయి. సగానికి మించి నిండిన ట్యాంకుతో ఘాట్ ఎక్కకండి. అరకు సముద్రమట్టానికి దాదాపు 900 మీటర్ల ఎత్తు, అక్కడ గాలి ఒత్తిడి ఇక్కడికంటే పదో వంతు తక్కువ. బీచ్ రోడ్డులో మూసిన క్యాసెట్ పెట్టెలో ఇక్కడి గాలే ఉంటుంది. దాని వెంట్ చెత్తతో పట్టుకుపోయి ఉంటే, అరకులో దిగి బ్లేడు తీయగానే లోపలిది పైకి చిమ్ముతుంది. బయల్దేరే ముందు వెంట్ కదులుతోందో లేదో చూడండి. పైకి చేరాక ముఖం పక్కకు పెట్టి, బ్లేడును వేలెడంత తెరిచి గాలి వదిలించి, ఆ తర్వాత పూర్తిగా తీయండి. క్యాసెట్ టాయిలెట్ గిన్నెలో నీళ్లు ఉంచి బండి నడపకండి, అవి బయటికి పొర్లుతాయి.

బండిని నెలకు మించి నిలిపేటప్పుడు ట్యాంకు ఖాళీ చేసి, కడిగి, సీలుకు సిలికాన్ గ్రీజు తడి చేయండి. పెడల్ కమోడ్ గిన్నెలో కొంచెం నీళ్లు ఉంచి, మూత వేయండి, పదిహేను రోజులకోసారి వెళ్లి నింపండి. క్యాసెట్ బ్లేడును మాత్రం తెరిచి పెట్టండి, రబ్బరు నొక్కుడు లేకుండా ఉంటుంది, అతుక్కోదు. రోజూ వాడే బండికి సీలు రెండు మూడేళ్లు పనిచేస్తే ఎక్కువే అనుకోండి, విడి సీలు ఒకటి బండిలో ఎండ తగలని చోట కవరులో ఉంచండి.

నేల సీలు మార్చాక మొదటి ఘాట్ ప్రయాణం అయి ఇంటికి వచ్చిన మర్నాడు నట్లను ఒకసారి తాకి చూడండి. కొత్త రబ్బరు కుదుపులకు కొంచెం నొక్కుకుంటుంది, నట్లు వదులవడం సహజం. వదులైన దాన్ని పావు చుట్టు బిగించండి, అంతకు మించి వద్దు.